బావకు రిజిస్టరు నోటీసు

పెట్టెలో చెక్కు లేదు.

నవీన చీరలన్నీ తీసి మంచం మీద వేసింది. పెట్టె అడుగున పరిచిన పాత కేలండరు కాగితం కూడా ఎత్తి చూసింది. భర్త లక్ష్మణ్ ఆధార్ కార్డు ఉంది. అతని మరణ ధ్రువపత్రం ఉంది. కూతురు బిందు పుట్టినప్పటి ఆస్పత్రి చీటీ ఉంది. ప్లాస్టిక్ కవరులో పెట్టి దాచుకున్న చెక్కూ, దానికి పిన్ను కొట్టి బ్యాంకువాళ్ళిచ్చిన చీటీ మాత్రం లేవు.

తాళం పగలలేదు. తాళంచెవి ఎక్కడ పెడుతుందో ఈ ఇంట్లో అందరికీ తెలుసు. ఇన్నేళ్ళలో ఒక్కరూ దాన్ని ముట్టుకోలేదు.

ఆమె వాకిట్లోకి వచ్చింది.

"అత్తా, నా పెట్టె ఎవరు తీసిండ్రు?"

గోనెపట్టా మీద ఎండుమిరపకాయలు పోసుకుని తొడిమలు తీస్తున్న బుల్లమ్మ తలెత్తలేదు. పక్కన కూర్చున్న పెద్దకోడలు సుమిత్ర చెయ్యి ఒక్క క్షణం ఆగి, మళ్ళీ కదిలింది.

"నిన్నే అడుగుతున్న అత్తా."

"పొద్దుపొద్దున ఏంది నీ లొల్లి? కాన్పు కేసు కాడికి పోయి అలిసిపోయి వచ్చినవ్. ఇంత బువ్వ తిని పండుకో."

"బువ్వ సంగతి తర్వాత. తెల్లారగట్ల నేను ఆస్పత్రికి పోయినప్పుడు పెట్టెల చెక్కున్నది. వచ్చేసరికి లేదు. బిందు కాకుంటే ఇంట్ల ఉన్నది మీరు ముగ్గురే."

మిరపకాయల ఘాటుకు బుల్లమ్మ ఒకసారి దగ్గింది.

నవీన ఊళ్ళో మితానిన్. గర్భిణులను ఆస్పత్రికి తీసుకుపోవడం, పసిపిల్లలకు టీకాలు వేయించడం ఆమె పని. ఈ తెల్లవారుజామున కూడా అలాగే ఒక పిల్లను మద్దేడ్ ఆస్పత్రికి తీసుకుపోయి, తల్లీబిడ్డా క్షేమమని తేలాక వచ్చింది. చేతిసంచి ఇంకా భుజాన్నే ఉంది. ఆ సంచిలో బీజాపూర్ వకీలు దుర్గేశ్ టైపు చేయించి ఇచ్చిన నోటీసు ఉంది. నాలుగు లక్షలకు భర్త అన్నగారైన బావ సతీష్ ఇచ్చిన చెక్కు ఖాతాలో డబ్బు లేక తిరిగొచ్చి ఈ రోజుకు ముప్ఫై రోజులు. నోటీసు ఈ రోజే రిజిస్టరు పోస్టులో వెళ్ళాలి. రేపు పంపితే చెల్లదు. ఆ మాట వకీలు మూడుసార్లు చెప్పాడు.

తనే పంపిస్తానని వకీలు అన్నా నవీన వినలేదు. చివరిసారి ఒక్కమాట అడిగి చూస్తానని కవరు తన దగ్గరే ఉంచుకుంది. నిన్న సాయంత్రం బావ అన్నం తింటుంటే మెల్లగా చెప్పింది. రేపు నోటీసు పంపాల్సి వస్తుందని, సగమైనా సర్దితే పంపనని చెప్పింది. సతీష్ చెయ్యి కడుక్కుంటూ "చూద్దాం" అన్నాడు.

చూసుకున్నాడు!

"అక్కా, నువ్వన్న చెప్పు" అంది నవీన, సుమిత్ర వైపు తిరిగి.

సుమిత్ర తల దించుకుంది. "నన్ను మధ్యల పెట్టకు నవీనా."

"మధ్యల పెట్టినోళ్ళెవరు? నా పెట్టెల చెయ్యి పెట్టినోళ్ళు ఎవరని అడుగుతున్న."

"నేనే తీసిన." బుల్లమ్మ గొంతు పెద్దగా లేవలేదు. "తీసి సతీష్‌కు ఇచ్చిన. ఏం చేస్తవ్?"

అత్త నోటివెంట అబద్ధం వచ్చి ఉంటే నవీన కొట్లాడేది. నిజం అంత సులువుగా వచ్చేసరికి ఏం పట్టుకుని కొట్లాడాలో తెలియలేదు.

"ఎందుకత్తా?"

"ఎందుకా? రెండేండ్లు జైలంట. సతీషే చెప్పిండు. చెక్కు కోర్టుకు పోతే రెండేండ్లు జైల్ల పెడ్తరంట." బుల్లమ్మ చేతిలోని మిరపకాయను గోనె మీదికి విసిరింది. "ఒకన్ని లారీ కింద పోగొట్టుకున్న. ఇంకొకన్ని నువ్వు జైలుకు తోలుతనంటే చూసుకుంట కూసోవాల్నా?"

"లారీ కింద పోయింది నా మొగడు అత్తా."

"నా కొడుకు!"

సుమిత్ర లేచి, అవసరం లేకపోయినా నీళ్ళ బిందె తీసుకుని బయటికి వెళ్ళిపోయింది.

"ఆ నాలుగు లక్షలు ఏం పైసలో నీకు తెల్వదా?" అంది నవీన. "లక్ష్మణ్ పానానికి కోర్టు కట్టిన ధర. బావ ట్రాక్టరు కిస్తీలు కట్టలేదని ఫైనాన్సోళ్ళు గుంజుకపోతుంటే వచ్చి నా ముందట కూసున్నడు. ఏడ్చిండు. సంవత్సరం తిరిగేలోపల ఇస్తనన్నడు. ఇచ్చిన. తేదీ వచ్చిందని చెక్కు బ్యాంకుల ఏస్తే ఖాతా ఖాళీ. మిర్చి పట్టే మిషనుకు నేను జగదల్‌పూర్‌ల ముప్ఫై వేలు అడ్వాన్సు కట్టుకున్న. మిగిలిన పైసలు కట్టలేదని మిషను వేరేవాళ్ళకు పోయింది, అడ్వాన్సు కూడా మునిగింది. అప్పుడు బావ ఏం చేస్తున్నడు? కొత్త మోటర్‌సైకిలుకు కొబ్బరికాయ కొడుతున్నడు. ఆ కొబ్బరిముక్క నా చేతుల కూడా పెట్టిండు అత్తా!"

బుల్లమ్మ మళ్ళీ తొడిమలు తీయడం మొదలుపెట్టింది. తీసిన కాయలు, తీయని కాయలు ఒకే కుప్పలో పడుతున్నాయి.

*

పది గంటలకు సతీష్ వచ్చాడు. ఒంటరిగా రాలేదు. భోపాల్‌పట్నం నుంచి మేనమామ సీతారాములును బండి మీద ఎక్కించుకుని తెచ్చాడు. సీతారాములు బుల్లమ్మకు తమ్ముడు, ఒకప్పుడు ఊరికి ఉప సర్పంచ్. ఈ ఇంట్లో ఏ పంచాయితీ వచ్చినా ఆయన మాటే ఆఖరి మాట.

ఆయన చాయ్ తాగి, కప్పు కింద పెట్టి, గొంతు సవరించుకున్నాడు.

"బిడ్డా నవీనా, కూసో."

"నిలబడే వింట మామా. చెప్పండి."

"కోర్టు, వకీలు, నోటీసు... ఇవన్నీ మన ఇండ్లల్ల ఉన్నయా? ఆడిబిడ్డవు. రేపు బిందు పెండ్లికి పెద్దదిక్కుగ నిలబడేది ఎవరు? సతీషే గద. వాడు ఏడికి పోతడు, నీ పైసలు ఏడికి పోతయ్? అందుకే వానితోటి ఒక కాగితం రాయించిన. నువ్వొక సంతకం పెడితే అందరం నిమ్మళంగ ఉంటం."

సతీష్ జేబులోంచి మడతపెట్టిన స్టాంపు కాగితం తీసి ముందుకు చాచాడు. దానితోపాటే పెన్ను కూడా.

కాగితం హిందీలో ఉంది. సంతకం పెట్టాల్సిన చోట పెన్సిలుతో చిన్న గీత గీసి ఉంది. నవీన పెన్ను తీసుకోలేదు. కాగితం మాత్రం తీసుకుని మొదటి నుంచి చదవసాగింది.

"చదివేదేముంది? రాజీ కాగితమే" అన్నాడు సతీష్.

"నెలకు రెండుసార్లు సర్కారుకు రిపోర్టు రాసేదాన్ని బావా. హిందీ చదవొస్తది." ఆమె కళ్ళు కాగితం మీదే ఉన్నాయి. "మామా, ఇందుల ఏం రాసిండ్రో మీరు చదివిండ్రా?"

సీతారాములు కళ్ళజోడు కోసం చొక్కా తడుముకున్నాడు. తెచ్చుకోలేదు.

"నేను చెప్తా వినండి. 'నా భర్త చనిపోయినంక వచ్చిన నాలుగు లక్షలు కుటుంబం ఖర్చులకు నా ఇష్టంతోటి ఇచ్చిన. అది అప్పు కాదు. నేను గానీ నా బిడ్డ గానీ ఎప్పటికీ తిరిగి అడగం.' ఇదేనా రాజీ?"

ముసలాయన సతీష్ వైపు చూశాడు. "కొద్దికొద్దిగ తీరుస్తనని రాయించిన్నంటివి గదరా."

"అదీ ఇదీ ఒకటే మామా. ఇంటి సొమ్ము ఇంట్ల వాడుకున్నం. దాన్ని అప్పు అంటరా ఎక్కడన్న?"

"అప్పు కాకపోతే చెక్కు ఎందుకు రాసిచ్చినవ్ బావా?"

"నీ మనసు నిమ్మళం కావాలని ఇచ్చిన."

"నా నిమ్మళం కోసం ఖాళీ ఖాతా మీద నాలుగు లక్షలు రాసిచ్చినవా? చిన్నపిల్లకు ఉత్త డబ్బీ ఇచ్చి ఆడుకోమన్నట్టు?"

"మాటలు జర చూసి మాట్లాడు." సతీష్ ముఖం ఎర్రబడింది. "వాడు నా తోడబుట్టినోడు. వాని పైసల మీద నీకెంత హక్కుందో నాకూ అంతే ఉంది."

"ఆయన ఆస్పత్రిల మూడు రోజులు ఉన్నడు. తోడబుట్టినోడివి, ఎన్నిసార్లు వచ్చినవ్?"

సీతారాములు తువ్వాలుతో ముఖం తుడుచుకున్నాడు. గడపలో నిలబడ్డ బుల్లమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

సతీష్ ఒకసారి వచ్చాడు. అది కూడా ఇన్సూరెన్సు కాగితాల కోసం. ఆ సంగతి ఆ నలుగురికీ తెలుసు. ఇంతవరకూ ఎవరూ పైకి అనలేదు.

నవీన కాగితాన్ని ఉన్న మడతల మీదే మడిచి సీతారాములు చేతిలో పెట్టింది. "పెద్దోళ్ళు మీరు. కళ్ళజోడు పెట్టుకుని ఒకసారి చదవండి. తర్వాత నన్ను సంతకం పెట్టుమని చెప్పే ధైర్యముంటే చెప్పండి."

సంచి భుజాన సర్దుకుని ఆమె బయటికి నడిచింది.

"చెక్కు లేకుంట కోర్టుల ఏం పీకుతవో పీక్కో పో!" వెనకనుంచి సతీష్ అరిచాడు.

*

పోస్టాఫీసులో పోస్టుమాస్టరు సుక్రాం ఒక్కడే ఉన్నాడు. పింఛను కోసం వచ్చిన ముసలమ్మ వేలిముద్ర మిషను మీద పడక, ఆమె వేలును గుడ్డతో తుడిచి మళ్ళీ పెట్టిస్తున్నాడు. నవీన ఎదురుచూసింది. ఆమె వంతు వచ్చినప్పుడు కవరు తీసి కిటికీలోంచి ఇచ్చింది.

"రిజిస్టరు చెయ్యాలె సార్. ముట్టిన రసీదు వాపస్ రావాలె."

సుక్రాం కవరును అటూ ఇటూ తిప్పి చూశాడు. హల్బీ యాస కలిసిన తెలుగులో అన్నాడు. "పంపేటోళ్ళది, తీసుకునేటోళ్ళది పత్తా ఒకటే రాసినవ్ దీదీ. తప్పు పడ్డది."

"తప్పు కాదు సార్. ఇల్లు ఒకటే."

అతను మళ్ళీ రెండు పేర్లూ చదివాడు. కవరు మీద వకీలు ముద్ర కనిపించింది. ఆమె ముఖంలోకి చూసి, ఇంకేమీ అడగకుండా తూకం వేశాడు. ముద్ర వేసి రసీదు చింపి ఇచ్చాడు.

"నేనే తెచ్చి ఇయ్యాలె గద" అన్నాడు. "ఆయన చేతికే ఇస్త. తీసుకోనంటే తీసుకోలేదని రాస్త. వేరేవాళ్ళ చేతుల పెట్ట."

నవీన తలూపింది. బయట చింతచెట్టు నీడలో నిలబడి వకీలుకు ఫోన్ చేసింది. నోటీసు పోయిందంటే దుర్గేశ్ సంతోషించాడు. చెక్కు పోయిందంటే, ఎప్పుడు ఎలా పోయిందో రెండుసార్లు అడిగాడు.

"జిరాక్సు నా దగ్గర ఉంది. కానీ కోర్టు అసలుది అడుగుతుంది" అన్నాడు హిందీలో. "ఇప్పుడే ఠాణాకు పోయి, పెట్టెలోంచి చెక్కు తీశారని దర్ఖాస్తు ఇవ్వండి. ఎవరు తీశారో పేరు రాయండి."

పేరు రాయాలంటే అత్త పేరు రాయాలి.

లక్ష్మణ్ చనిపోయిన నెలలో నవీన అన్నం ముట్టకపోతే బుల్లమ్మ పక్కన కూర్చుని ముద్దలు కలిపి నోట్లో పెట్టింది. తన కడుపుకోత దిగమింగుకుని కోడలికి తినిపించింది. అలాంటి మనిషి మీద దొంగతనం దర్ఖాస్తు ఇవ్వాలా? ఠాణా దారి మొదట్లో నవీన కొంతసేపు నిలబడింది. చేతిలో రసీదు చెమటకు మెత్తబడింది.

ఠాణాకు పోలేదు. ఇంటిదారి పట్టింది.

*

ఠాణాయే ఇంటికి వచ్చింది.

వాకిట్లో సీతారాములు కూర్చున్న కుర్చీలో ఇప్పుడు హవల్దారు సోమారు ఉన్నాడు. మోకాళ్ళ మీద అట్ట, దాని మీద ఒక కాగితం. సీతారాములు అరుగు మీదికి జరిగి కూర్చున్నాడు. సతీష్ గోడకు ఆనుకుని చేతులు కట్టుకుని ఉన్నాడు.

"నవీన మీరేనా?" హవల్దారు హిందీలో అడిగాడు. "మీ మీద దర్ఖాస్తు వచ్చింది."

"నా మీదనా?"

అతను చదివాడు. సతీష్ సంతకం పెట్టిన చెక్కు అతని పెట్టెలో ఉండగా, తమ్ముడి భార్య నవీన దాన్ని దొంగిలించి, తనే నాలుగు లక్షలని రాసుకుని బ్యాంకులో వేసింది. చెక్కు నంబరు ఇది. దొంగతనం కళ్ళారా చూసిన సాక్షి, దర్ఖాస్తుదారు తల్లి. కింద ఆమె వేలిముద్ర.

నవీన అత్త పేరు రాయలేక వెనక్కి వచ్చింది. బావ తన పేరు రాసేశాడు.

"ఏమంటుండు ఆ సారు?" బుల్లమ్మ అడిగింది. ఆమెకు తెలుగు, గోండీ తప్ప హిందీ అంతగా రాదు. సతీష్ వైపు, సుమిత్ర వైపు చూసింది. ఎవరూ చెప్పలేదు. చివరికి నవీన వైపు తిరిగింది. "ఏందే? ఏం రాసుందందుల?"

తన మీద పడ్డ నిందను తనే తెలుగు చేసి చెప్పాల్సి వచ్చింది నవీనకు.

"నేను దొంగనంట అత్తా. బావ పెట్టెలకెల్లి చెక్కు ఎత్తుకపోయిన్నంట. నువ్వు నీ కండ్లతోటి చూసినవంట. ఇగో, నీ వేలిముద్ర."

బుల్లమ్మ దగ్గరికి వచ్చి కాగితం మీదికి వంగింది. అక్షరాలు ఆమెకు తెలియవు. నీలిరంగు వేలిముద్రను మాత్రం గుర్తుపట్టింది. తన బొటనవేలు ఎత్తి చూసుకుంది. మిరపకాయల ఎరుపు కింద ఆ నీలిరంగు ఇంకా పోలేదు.

"ఇది పింఛను కాగితమంటివి గదరా" అంది కొడుకుతో.

"అమ్మా, నువ్వు లోపలికి పో."

"పొద్దున పింఛను కాగితమని నా ఏలు పట్టి ఏయించినవ్. దీన్ని దొంగ అని రాసి దాని కింద నా ఏలు ఏయించినవా?"

"నీకు తెల్వదు, ఊకో! అంతా నీ కోసమే చేస్తున్న."

బుల్లమ్మ ఊరుకోలేదు. కొడుకును వదిలేసి హవల్దారు ఎదుటికి వెళ్ళి నిలబడింది. గోండీ అందుకుంది. అది సోమారు ఇంటిభాష. అతను నిటారుగా కూర్చున్నాడు.

చెక్కు తన కొడుకే రాశాడంది. చిన్నవాడి సంవత్సరీకం నాడు, ఈ అరుగు మీదే, తను చూస్తుండగా రాశాడంది. దాన్ని పెట్టెలోంచి తీసింది కోడలు కాదు, తనే. అదీ కోడలి పెట్టెలోంచి. తీసి కొడుకు చేతిలో పెట్టిందీ తనే. "ఈ పిల్ల ఒకరి సొమ్ము ముట్టదు. ముట్టింది నేను" అంది.

హవల్దారు కలం మూత పెట్టాడు. సతీష్ వైపు చూశాడు.

"చెక్కు ఎక్కడుంది?"

సతీష్ పెదవులు తడుపుకున్నాడు. "లేదు. చింపేసిన."

"దొంగతనమైన చెక్కును నువ్వే చింపినవా?"

సీతారాములు లేచి నిలబడి, సతీష్ దగ్గరికి పోకుండా అలాగే చేతికర్ర మీద ఆనుకున్నాడు. సుమిత్ర గుమ్మం చాటుకు జరిగింది.

"దర్ఖాస్తు వాపస్ తీసుకుంట సాబ్" అన్నాడు సతీష్, గొంతు తగ్గించి. "ఇంటి గొడవ. మేమే మాట్లాడుకుంటం. ఆ కాగితం ఇటియ్యండి."

హవల్దారు చెయ్యి అట్ట మీది క్లిప్పు దగ్గరికి వెళ్ళింది.

"ఇయ్యొద్దు సార్!"

నవీన అంత గట్టిగా అరుస్తానని తనే అనుకోలేదు.

"ఆ కాగితం వాపస్ ఇయ్యొద్దు. అందుల ఆయనే రాసిండు, చెక్కు నంబరు ఫలానా అని, దాని మీద సంతకం తనదే అని. చెక్కు చింపిండు గానీ, ఆ మాట చింపలేడు. నాకు దాని నకలు కావాలె."

సతీష్ గోడను వదిలి ఒక అడుగు ముందుకు వేశాడు. తను ఏం రాసిచ్చాడో అతనికి అప్పుడే అర్థమైంది.

సోమారు కాగితాన్ని మళ్ళీ ఒకసారి చదివాడు. క్లిప్పు కింద అలాగే ఉంచి లేచాడు. "ఠాణాలో నంబరు పడిన కాగితం చేతికియ్యడం కుదరదు. నకలు కోసం మీ వకీలును పంపండి." బుల్లమ్మ దగ్గర ఆగి, ఆమె భాషలోనే చెప్పాడు. "అమ్మా, నువ్వు చెప్పింది రాసుకోవాలె. రేపు ఠాణాకు రా."

అతని బండి చప్పుడు రోడ్డు మీద కలిసిపోయింది.

"సంబరమైందా?" సతీష్ తల్లి మీద విరుచుకుపడ్డాడు. "కన్నకొడుకును పోలీసోని చేతుల పెట్టినవ్. నేను జైలుకు పోతే నీకు గంజి ఎవరు పోస్తరో చూస్త!" మోటర్‌సైకిలును కాలితో తన్ని స్టార్టు చేసి, మేనమామను కూడా వదిలేసి వెళ్ళిపోయాడు.

బుల్లమ్మ మిరపకాయల ముందు కూలబడింది. మంటపుట్టిన చేతులను ఒడిలో వెల్లకిలా పెట్టుకుంది.

నవీన ఒక చెంబుతో మజ్జిగ తెచ్చి ఆ చేతుల మీద పోసింది. వేళ్ళ సందులు తుడిచింది. పొద్దున ఈ చేతులే తన పెట్టె తెరిచాయి. కోపం పోలేదు. అయినా తుడిచింది.

"అత్తా, ఇప్పుడు చెప్పిన మాట ముందుముందు కోర్టుల చెప్తవా?"

"ఈడ చెప్పిన. నిన్ను దొంగ అన్నడని చెప్పిన." బుల్లమ్మ చేతులు వెనక్కి తీసుకుంది. "ఆడ చెప్తే వాడు జైలుకు పోతడు. నేను రాను."

"రానంటే కోర్టు సమన్లు పంపిస్తనత్తా. నీ పేరు మీద."

సీతారాములు "అయ్యో బిడ్డా" అన్నాడు. నవీన ఆయన వైపు చూడలేదు.

బుల్లమ్మ కోడలి ముఖంలోకి చూసింది. నేలకు చెయ్యి ఊతం చేసి లేచి నిలబడింది.

"పంపు" అంది. "అక్కడ నిలబడ్డంక నా నోట్లకెల్లి ఏమొస్తదో నాకే తెల్వదు."